మూడు పనులు, ఒకే కిటికీ

ప్రశ్న: మేడమ్, నేను ఆరేళ్లుగా చిన్న సినిమాలకి పనిచేస్తున్నాను. కాస్ట్యూమ్స్‌లో అసిస్టెంట్‌గా చేరాను, తర్వాత మేకప్ నేర్చుకున్నాను, రెండేళ్లుగా ఆర్ట్ డిపార్ట్‌మెంట్‌లో ఉన్నాను. ఇప్పుడు ఒక పూర్తి నిడివి సినిమాకి కాస్ట్యూమ్స్, మేకప్, ప్రొడక్షన్ డిజైన్ (సెట్లు, వాటిలోని సామాను) మూడూ నన్నే చూసుకోమంటున్నారు. గడియారాలు బాగుచేసే ఒక మనిషి కథ అది. అతనికి 35 ఏళ్లప్పుడు మొదలై 47 దగ్గర ముగుస్తుంది. దాదాపు అంతా ఒకే గదిలో జరుగుతుంది. నాకు చాలా ఆశగా ఉంది. తెలిసినవాళ్లు మాత్రం, ‘రెండు పడవల మీద కాళ్లు పెడితేనే మునుగుతారు, నువ్వు మూడింటి మీద పెడతానంటున్నావు, ఏదో ఒకటి పట్టుకో’ అంటున్నారు. ఒప్పుకోవాలా, వద్దా? ఒప్పుకుంటే ఆ 12 ఏళ్లు గడిచాయని ఎలా చూపించాలి? టెన్షన్‌తో రాత్రిళ్లు నిద్ర పట్టడం లేదు.

సమాధానం: ఒప్పుకోండి. ఈ మాట ముందే చెప్పేస్తే ఈ రాత్రైనా మీరు నిద్రపోతారు. ఏం అడిగి ఒప్పుకోవాలి, ఒప్పుకున్నాక ఏ పని ఎవరికి అప్పగించాలి అన్నదే అసలు సంగతి.

మీవాళ్లు చెప్పిన పడవల మాటలో నిజం లేకపోలేదు. వాళ్లు మీ చేతుల గురించి చెబుతున్నారు. తెల్లవారుజామున ఐదింటికి మేకప్ కుర్చీ దగ్గరా, అదే ఐదింటికి సెట్లో గోడ దగ్గరా, అదే ఐదింటికి ఇస్త్రీ బల్ల దగ్గరా ఒక్క మనిషి ఉండడం జరగని పని. ఆలోచన సంగతి అలా కాదు. పాత్ర తొడుక్కున్న చొక్కా, వెనక ఉన్న గోడ, ఆ మనిషి చెంప తెర మీద పక్కపక్కనే ఉంటాయి. చూసేవాళ్లు చొక్కాని ఒకసారీ, గోడని ఇంకోసారీ విడివిడిగా చూడరు. ఆ మూడింటి గురించీ ఒకే బుర్ర ఆలోచించడంలో తప్పేమీ లేదు. నన్నడిగితే అదే సహజం.

తొలిరోజుల సినిమావాళ్లకి ఈ సంగతి కెమెరానే నేర్పింది. 1920ల నడుమ దాకా ఎక్కువగా వాడిన ఆర్థోక్రోమాటిక్ ఫిల్మ్‌కి ఎరుపు అందేది కాదు. ఎర్రటి పెదవులు నల్లగా పడేవి, నీలి కళ్లు తెల్లగా పాలిపోయి కనిపించేవి. ముఖానికి పూసే రంగైనా, గుడ్డ రంగైనా, గోడ రంగైనా కంటికి ఎలా ఉందన్నది అప్పుడు లెక్కలోకి వచ్చేది కాదు, ఫిల్మ్ మీద ఎలా పడుతుందన్నదే లెక్క. ఆ తర్వాత అన్ని రంగులకీ స్పందించే పాంక్రోమాటిక్ ఫిల్మ్ వచ్చింది. పాత మేకప్ దానికి పనికిరాకపోవడంతో మేకప్ తయారీదారు మాక్స్ ఫాక్టర్ 1928లో కొత్త మేకప్ తయారుచేయాల్సి వచ్చింది. అంటే ఈ మూడు పనులకీ యజమాని మొదటినుంచీ ఒక్కడే, కెమెరా. వీటి మధ్య గీతలు మనుషులు గీసుకున్నవి. గుర్తింపు కూడా విడివిడిగానే వచ్చింది. 1929లో జరిగిన మొట్టమొదటి ఆస్కార్ వేడుకలోనే ఆర్ట్ డైరెక్షన్‌కి అవార్డు ఉంది. కాస్ట్యూమ్స్‌కి 1948 సినిమాలతో మొదలైంది. మేకప్‌కి ఏటా ఇచ్చే అవార్డు 1981 సినిమాలతో గానీ రాలేదు. నటుల కంటే రెండు గంటల ముందు నిద్రలేచే వాళ్లు అర్ధ శతాబ్దం పాటు ఎదురుచూశారు. తలచుకుంటే నాకు ఇప్పటికీ బాధగానే ఉంటుంది.

గీతలు దాటి పనిచేసినవాళ్లు లేకపోలేదు. సెసిల్ బీటన్ 1964 నాటి ఒక సంగీత చిత్రానికి కాస్ట్యూమ్స్‌కి ఆస్కార్ అందుకున్నారు, అదే సినిమాకి ఆర్ట్ డైరెక్షన్ ఆస్కార్‌ని మరో ఇద్దరితో పంచుకున్నారు. కాథరిన్ మార్టిన్ 2001 నాటి సినిమాకి ఒకసారి, 2013 నాటి సినిమాకి ఒకసారి, ఆ రెండు విభాగాల్లోనూ గెలిచారు. ఎయికో ఇషియోకా ప్రకటనల డిజైన్‌తో మొదలుపెట్టి, 1985లో ఒక సినిమాకి సెట్లు డిజైన్ చేసి కాన్ చిత్రోత్సవంలో గుర్తింపు పొందారు. 1992 సినిమాకి చేసిన దుస్తులకి ఆమెకి ఆస్కార్ వచ్చింది. మీవాళ్లు మళ్లీ పడవల మాట ఎత్తితే ఈ పేర్లు చెప్పండి.

అయితే ఒకటి గమనించండి. నేను చెప్పిన ఈ అవార్డుల్లో సెట్టూ బట్టలూ ఉన్నాయి గానీ మేకప్ లేదు. దానికి కారణం ఉంది. మీరు మిగతాదంతా మరిచిపోయినా ఇది మాత్రం మరిచిపోకండి. గోడ పాడైతే మళ్లీ రంగు వేయొచ్చు. చొక్కా చిరిగితే రెండోది ఉంటుంది. చర్మం అలా కాదు, అది బతికున్న మనిషిది. లేటెక్స్ (ద్రవ రబ్బరు) కొందరికి పడదు. గడ్డం అంటించే గమ్ కొందరికి దద్దురు తెస్తుంది. కొత్త సామాను ఏదైనా కనీసం 24 గంటల ముందు చెవి వెనకో, మోచేతి మడతలోనో కొద్దిగా రాసి చూడాలి. ఒకరి కంటికి వాడిన బ్రష్ ఇంకొకరి కంటికి వెళ్లకూడదు. క్రీమ్ డబ్బాలోంచి స్పాచులాతో పలక మీదకి తీసుకుని వాడాలి, వేలు నేరుగా డబ్బాలో పెట్టకూడదు. మీకు ఇవన్నీ తెలుసు. తెలిసినవాళ్లే హడావిడిలో తప్పుతారు. సెట్లో ఏదో కూలిందని కబురొచ్చి, ఒక చేత్తో ఫోన్ పట్టుకుని ఇంకో చేత్తో నటుడి కనురెప్ప మీద పనిచేసే పరిస్థితి మీకు రాకూడదు.

అందుకే నా సలహా ఇది. మూడూ మీరే డిజైన్ చేయండి. షూటింగ్ రోజున మేకప్ చేసే చెయ్యి మాత్రం వేరే మనిషిది కావాలి, ఆ మనిషి అనుభవం ఉన్నవారై ఉండాలి. కాస్ట్యూమ్స్‌కి ఒకరు, సెట్ మీద సామాను చూసుకోవడానికి ఒకరు కావాలి. ఈ ముగ్గురూ ఉంటేనే మీరు మానిటర్ పక్కన నిలబడగలరు. షూటింగ్ రోజున మీ చోటు అదే. ముగ్గురిని ఇవ్వలేమంటే ఒక డిపార్ట్‌మెంట్ మర్యాదగా వదులుకోండి. అప్పుడు వదులుకోవాల్సింది మేకప్.

డబ్బు సంగతి మొహమాటపడకుండా మాట్లాడండి. మూడూ ఒకరికే అప్పగించడంలో నిర్మాతకి కళాదృష్టి ఎంత ఉందో, ఖర్చు కలిసొస్తుందన్న లెక్కా అంతే ఉంటుంది. అందులో తప్పు లేదు, కానీ ఆ కలిసొచ్చేది మీ నిద్రలోంచి రాకూడదు. అగ్రిమెంట్‌లో మూడు పనులూ మూడు లైన్లుగా రాయించండి. సన్నాహానికి ఎన్ని రోజులో విడిగా రాయించండి. మూడు బడ్జెట్లూ మూడు పుస్తకాల్లో ఉండాలి. అన్నీ ఒకే సంచిలో వేస్తే సెట్ మొత్తం మింగేస్తుంది, చివరికి నటుడి చెప్పులకి డబ్బుండదు. టైటిల్స్‌లో మూడు పనులకీ మీ పేరు విడివిడిగా పడాలని ఇప్పుడే అడగండి. ఇంకో సంగతి. రేపు పెద్ద పరిశ్రమల్లోకి వెళితే ఈ గీతలు గట్టిగానే ఉంటాయి. హాలీవుడ్‌లో కాస్ట్యూమ్ డిజైనర్లది లోకల్ 892 అనే సంఘం, మేకప్, హెయిర్ వాళ్లది లోకల్ 706, ఆర్ట్ డైరెక్టర్లది లోకల్ 800. మూడు సంఘాలు, మూడు సభ్యత్వాలు. మీ ఫోటోల ఆల్బమ్ కూడా మూడు భాగాలుగా విడిగా చూపించగలిగేలా పెట్టుకోండి.

ఇక ఎవరూ చెప్పని ప్రమాదం ఒకటుంది. నేను దాని వల్ల దెబ్బతిన్నాను కాబట్టి వివరంగా చెబుతాను. చాలా ఏళ్ల కిందట ఒక చిన్న సినిమాకి నేను కూడా మూడూ చేశాను. పాత్ర పడకగదికి ముదురు పచ్చ గోడ అనుకున్నాను. పగటి వెలుగులో రంగు వేయించాను, చాలా అందంగా కుదిరింది. నటి ఫౌండేషన్ నా మేకప్ గదిలో, అద్దం చుట్టూ ఉన్న తెల్లటి బల్బుల కింద సరిచూశాను. అదీ కుదిరింది. రాత్రి సీన్‌లో ఆవిడ గోడకి ఆనుకుని కూర్చుంది. పక్కన దీపం వెలిగించగానే ఆ పచ్చదనమంతా చెంప మీదికి వచ్చింది. ముఖం రోగం పట్టినట్టు కనిపించింది. నేను కంగారుపడి ముఖానికి ఎరుపు కలిపాను. ఆ రాత్రికి సరిపోయింది. మరుసటి రోజు బయట ఎండలో దాని కొనసాగింపు సీన్ తీస్తుంటే, కంటిన్యూటీ కోసం అదే మేకప్ వేశాం. ఆవిడ ముఖం కందిపోయినట్టుంది. రెండు సీన్లు పక్కపక్కన పెడితే ఒకే మనిషిలా లేదు. డీఐలో, అంటే కంప్యూటర్‌లో రంగులు సరిదిద్దే దశలో, కొంత సర్దారు, కొంతే.

అప్పుడు నాకు అర్థమైంది గోడ గురించి కాదు. వేరే ఆర్ట్ డైరెక్టర్ ఉండుంటే, మేకప్ ఆర్టిస్టుగా నేను ఆయనతో ‘ఈ పచ్చ నా నటి ముఖాన్ని చంపేస్తోంది’ అని పోట్లాడేదాన్ని. డిపార్ట్‌మెంట్లు వేరుగా ఉన్నప్పుడు జరిగే పోట్లాటల్లో సగం తప్పులు దొరికిపోతాయి. మూడూ నేనే అయ్యేసరికి నాతో పోట్లాడేవాళ్లు లేకుండా పోయారు. నాకు నేనే ‘బాగుంది’ అని మూడుసార్లు చెప్పుకున్నాను.

కాబట్టి మీకు ‘బాలేదు’ అని చెప్పే మనిషిని మీరే వెతికి పెట్టుకోవాలి. కెమెరామన్ అయితే అందరికంటే మేలు. గోడ రంగు వేసిన చెక్క ముక్క, చొక్కా గుడ్డ, మేకప్ వేసిన నటుడు మూడింటినీ ఒకే ఫ్రేమ్‌లో పెట్టి, సీన్‌లో వాడబోయే లైట్ల కిందే టెస్ట్ తీయండి. పగలు ఒకటిగా కనిపించిన రెండు గుడ్డలు ఎల్ఈడీ కింద రెండు రంగులుగా కనిపిస్తాయి. సన్న గీతల చొక్కా డిజిటల్ కెమెరాలో అలలు అలలుగా ఆడుతుంది. తెల్ల చొక్కా మెరిసి ముఖాన్ని మింగేస్తుంది, అందుకే దాన్ని టీ డికాక్షన్‌లో ముంచి తెలుపు తగ్గిస్తాం. ఇవన్నీ టెస్ట్‌లోనే తెలియాలి. ఆ టెస్ట్ చూసి కెమెరామన్‌ని, సెట్లో కొత్తగా వచ్చిన అసిస్టెంట్‌ని కూడా ఏది నచ్చలేదో చెప్పమనండి. చెప్పాక వాదించకండి, రాసుకోండి.

ఇప్పుడు మీ రెండో ప్రశ్న. ఉత్తరం చదివినప్పటి నుంచీ నా మనసు ఆ గదిలోనే ఉంది.

12 ఏళ్లు గడిచాయనగానే అందరి చెయ్యీ మొదట తలకి పూసే తెల్లరంగు మీదికి పోతుంది. 35 నుంచి 47 అంటే మనిషి ముసలివాడు కాలేదు. ముడతలు పెడితే 60 దాటినట్టుంటాడు. వయసుని ముఖంలో వెతకడం మానేసి ముందు ఆ మనిషి రోజూ ఏం చేస్తాడో చూడండి. బల్ల ముందు కూర్చుంటాడు. ముంజేతులు బల్ల అంచు మీద ఆనించి, ఒక కంటికి భూతద్దం బిగించి, పట్టకారుతో కంటికి ఆనని స్క్రూలు తీస్తాడు. 12 ఏళ్లు అదే పని. బల్ల అంచు మీద రెండు చోట్ల వార్నిష్ పోయి కట్టె కనిపిస్తుంది. సరిగ్గా ఆ ఎత్తులోనే చొక్కా చేతుల కిందివైపు గుడ్డ పలచబడి మెరుస్తుంది. ఆ చొక్కా విప్పితే ముంజేతి మీద అక్కడే చర్మం కాస్త గట్టిపడి, నల్లబడి ఉంటుంది. బల్ల, గుడ్డ, చర్మం మూడూ ఒకే రాపిడికి అరిగాయి. మూడు డిపార్ట్‌మెంట్లు వేరైతే ఈ మూడు గుర్తులూ ఒకే ఎత్తులో పడడానికి బోలెడు మీటింగులు కావాలి. మీరైతే నటుణ్ణి ఒకసారి ఆ బల్ల ముందు కూర్చోబెట్టి చాక్‌పీస్‌తో గుర్తు పెట్టుకుంటే చాలు.

కిటికీ ఇంకా పెద్ద విషయం. పగలంతా అతను కిటికీ పక్కన కూర్చుంటాడు కదా. సూర్యకాంతిలోని యూవీఏ కిరణాలు మామూలు అద్దాన్ని దాటి లోపలికి వస్తాయి. 2012లో ఒక వైద్య పత్రికలో అచ్చయిన ఫోటో ఒకటుంది. 28 ఏళ్లు డెలివరీ ట్రక్కు నడిపిన ఒక పెద్దాయన ముఖం అది. కిటికీ వైపున్న ఎడమ చెంప మీద లోతైన ముడతలు, కుడి చెంప మామూలుగా ఉంది. ఒకే ముఖం ఇద్దరి వయసులు మోస్తున్నట్టుంటుంది. మీ పాత్రకి అంత వద్దు, 12 ఏళ్లకి అంత రాదు కూడా. కిటికీ వైపు చెంప మీద రంగు ఒక పాలు ముదరనివ్వండి. ఆ కంటి చివర రెండు గీతలు ఎక్కువ పడనివ్వండి. ఆ వైపు భుజం మీద చొక్కా రంగు వెలిసిపోవాలి. ఆ వైపు కర్టెన్ అంచు వెలిసిపోవాలి. గోడ మీద ఫ్రేమ్ తీసేస్తే దాని వెనక పాత రంగు చతురస్రంగా, కొత్తగా కనిపించాలి. ఎవరూ దీన్ని పనిగట్టుకుని గమనించరు. గమనించకపోయినా ఈ మనిషి ఈ గదిలోనే బతికాడని నమ్ముతారు.

ముఖంలో మిగతాది కొద్దిగా చాలు. కణతల దగ్గర కొన్ని తెల్లవెంట్రుకలు, నుదుటి దగ్గర జుట్టు ఒక వేలు వెనక్కి, కళ్ల కింద నీడ. భూతద్దం బిగించే కంటి చుట్టూ చర్మంలో ఒక మడత. మెడనీ చేతులనీ వదిలేయకండి, ముఖం ఒక్కటే వయసు పెరిగి చేతులు కుర్రవాడివిగా ఉంటే అక్కడే దొరికిపోతాం. క్లోజప్‌లో ఎక్కువసేపు ఉండేవి ఈ కథలో ఆ చేతులే.

బట్టల్లో నాకు ఇష్టమైన చిన్న వస్తువు బెల్టు. కథ మొదట్లో, బకిల్ వైపు నుంచి లెక్కపెడితే, మూడో రంధ్రంలో పెట్టుకుంటాడు. 12 ఏళ్ల తర్వాత అదే బెల్టు ఐదో రంధ్రంలో ఉంటుంది, మూడో రంధ్రం దగ్గర బకిల్ ఒత్తిన గీత తోలు మీద అలాగే ఉండిపోతుంది. నడుము పెరిగిందని డైలాగ్ అక్కర్లేదు, నటుడికి పొట్ట దగ్గర పల్చటి ప్యాడింగ్ పెడితే కూర్చునే తీరు దానంతటదే మారుతుంది. బెల్టుని నిజంగానే కొన్ని వారాల ముందు తెచ్చి ఆ మూడో రంధ్రం దగ్గర మడిచి, బిగించి పెట్టండి. రంగుతో గీసిన గీత తోలు గీతలా ఉండదు.

గుడ్డ పాతబడే తీరు కూడా చూసి నేర్చుకోవాల్సిందే. కాలర్ మడత, మోచేతులు, జేబు అంచు ముందు పోతాయి. పదిసార్లు ఉతికి, అరిగే చోట మాత్రమే గరుకు కాగితంతో రుద్ది, జేబులో బరువు పెట్టి వేలాడదీయండి. చొక్కా అంతా సమానంగా మాసిపోతే అది పాత చొక్కాలా ఉండదు, బురదలో పడేసిన కొత్త చొక్కాలా ఉంటుంది. గోడకీ అంతే. స్విచ్ బోర్డు చుట్టూ వేళ్ల మరకలు, కుర్చీ వెనక తల ఆనే చోట నూనె మరక ఉండాలి. మనిషి తగలని చోట గోడ శుభ్రంగా ఉండాలి.

ఇదంతా షెడ్యూల్ మీద ఆధారపడి ఉంది, అందుకే ఒప్పుకునే రోజే దర్శకుడితో మాట్లాడండి. పాతబడడం ఒకవైపు దారి. అరగదీసిన బల్లని రేపు కొత్తది చేయలేరు. రంగు వెలిసిన గోడకి మళ్లీ రంగు వేస్తే ఆరేదాకా యూనిట్ అంతా కూర్చోవాలి. ముఖం మీద అంటించినవి తీశాక చర్మం కొంతసేపు ఎర్రగానే ఉంటుంది, వెంటనే 35 ఏళ్ల సీన్ తీయలేరు. కాబట్టి చిన్న వయసు సీన్లన్నీ ముందు తీసేలా, మధ్యలో గదిని ముసలిదాన్ని చేయడానికి మీకు నాలుగైదు రోజులు మిగిలేలా అడగండి. ఒకే గదిలో కథ కాబట్టి ఇది సాధ్యమే, నిర్మాతకి కూడా ఖర్చు పెరగదు. తప్పనిసరై ఒకే రోజు రెండు వయసులూ తీయాల్సి వస్తే పొద్దున్న చిన్న వయసు, మధ్యాహ్నం పెద్ద వయసు. చొక్కా మాత్రం మూడు జతలు, కొత్తది, నడుమది, పాతది, ముందే సిద్ధంగా ఉండాలి. స్క్రిప్ట్ పక్కన ప్రతి సీన్‌కీ ఇది కథలో ఎన్నో ఏడు, ఎన్నో రోజు అని అంకె వేసుకోండి. మీ ముగ్గురు అసిస్టెంట్లూ పట్టుకు తిరగాల్సింది ఆ ఒక్క కాగితమే.

కిటికీ ఏ వైపు పెట్టాలో సెట్ గీసే ముందే తేల్చుకోవాలి. కుడిచేతి వాటం మనిషికి వెలుగు ఎడమ నుంచి రావాలి, లేకపోతే తన చేతి నీడ తన పని మీదే పడుతుంది. గడియారాలు బాగుచేసే మనిషి ఆ పొరపాటు చేయడు. కిటికీ ఎటుంటే వెలిసే కర్టెన్, వెలిసే భుజం, ముదిరే చెంప అటే. కాబట్టి రంగుల పుస్తకం తెరవకముందే ఆ నటుడికి ఫోన్ చేసి, మీది ఏ చేతి వాటం అని అడగండి.